తలుపు తీసి ఆడిన ఏడాది

రేపల్లెలో నా పనేమిటో ఇప్పటికీ చాలామందికి తెలియదు. కంప్యూటర్ ఉద్యోగమని కొందరనుకుంటారు. ఇంట్లో కూర్చుని పాఠాలు చెబుతానని కొందరనుకుంటారు. దగ్గరివాళ్ళు మాత్రం గొంతు తగ్గించి “పేకాట” అంటారు. ఆ మాట నా మీద ఎవడు పడేశాడో, దాన్ని వాడికే ఎలా తిప్పి కొట్టానో రాయాలని కూర్చున్నాను. క్షమించడం గొప్పవాళ్ళ లక్షణమంటారు. నేను గొప్పదాన్ని కాను, చేపలమ్మే ఆవిడ కూతుర్ని. కుళ్ళిన చేపను మంచుగడ్డల కింద దాచి పెట్టడం మా ఇంటా వంటా లేదు.

ముందుగా నా ఆట సంగతి చెప్పాలి. అది తెర మీద ఆడే కార్డుల ఆట. వందలాది కార్డుల్లోంచి మనమే ఏరి ఒక కట్ట కూర్చుకోవాలి. ఒక కార్డు సైనికుడు, ఒకటి మంత్రం, ఒకటి గోడ. దేనికి ఉండే బలం దానికి ఉంటుంది. ఎదుటివాడు ఏ ఊళ్ళోనో కూర్చుని తన కట్టతో ఆడతాడు. ఎవరి కోట ముందు కూలితే వాళ్ళు ఓడినట్టు. పందెం అన్న మాటే ఇందులో లేదు. మేం ఆడుతుంటే చూడటానికి జనం వస్తారు, నేర్చుకోవడానికి పిల్లలు వస్తారు, పోటీల్లో గెలిస్తే పేరు వస్తుంది. క్రికెట్ ఆడేవాళ్ళు క్రికెట్ మీద బతికినట్టు నేను దీని మీద బతుకుతున్నాను. కాకపోతే క్రికెట్లో బంతి ఎప్పుడూ బంతిలాగే ఉంటుంది. మా ఆట తయారుచేసే కంపెనీ వాళ్ళు ఉన్నట్టుండి ఒక కార్డు బలం తగ్గించి, ఇంకోదానికి పెంచుతారు. నెలల తరబడి కూర్చుకున్న కట్ట ఒక్క పూటలో చిత్తు కాగితమైపోతుంది. ఏడవడానికి కూడా తీరిక ఉండదు. మళ్ళీ మొదటి నుంచి కూర్చుకోవాలి.

అమ్మ తెల్లవారకముందే నిజాంపట్నం హార్బరుకు వెళ్ళి, వేలంలో చేపలు పాడుకుని, ఆటోలో వేసుకొచ్చి రేపల్లె మార్కెట్లో అమ్ముతుంది. నాన్న చేపల బోటు నడిపే సరంగు. ఆయన ఇంట్లో ఉన్న రోజుల కంటే నీళ్ళ మీద ఉన్న రోజులే ఎక్కువ కాబట్టి మా ఇంట్లో మాట అమ్మదే. డిగ్రీ చదివే రోజుల్లో ఫోనులో మొదలుపెట్టిన ఆట, చదువు అయ్యేసరికి నన్ను రాష్ట్రంలో పేరున్న ఆటగాళ్ళ వరసలో కూర్చోబెట్టింది. అప్పుడే తెనాలి నుంచి ఒకతను పలకరించాడు. నాకంటే కొంచెం పెద్దవాడు, ఆటలో అప్పటికే పేరున్నవాడు. “మనం పక్క పక్క ఊళ్ళవాళ్ళం చెల్లీ, విడివిడిగా కొట్టుకు చావడమెందుకు, కలిసి ఆడదాం” అన్నాడు. నేను అన్నయ్యా అన్నాను. ఆ నోటిని తర్వాత ఎన్నిసార్లు కడుక్కున్నానో! ఇక్కడి నుంచి వాడు అనే రాస్తాను. చదివేవాళ్ళు ఏమీ అనుకోకూడదు.

బాపట్లలో చదువుకుంటున్న ఇంకో ఇద్దరు కుర్రాళ్ళు మాతో కలిశారు. అక్కడ నెట్ బాగుంటుందని ఒక డాబా మీద గది తీసుకున్నాం. వాడు తెనాలి నుంచి రైల్లో వచ్చేవాడు, నేను రేపల్లె నుంచి కర్లపాలెం మీదుగా బస్సులో వెళ్ళేదాన్ని. కంప్యూటర్ ఆటల పోటీలకు తర్ఫీదు అని అమ్మకు చెప్పాను. అమ్మకు ఆటలంటే కబడ్డీ, పోటీలంటే కప్పు. “కప్పు తెస్తావుగా, ఎల్లిరా” అంది. అది కార్డుల ఆట అని మాత్రం నేను చెప్పలేదు. చెప్పడానికి భయపడ్డాను. మా వైపు ఆ మాటకున్న అర్థం ఒక్కటే.

ఆ అర్థమేమిటో మాకు గది అద్దెకిచ్చిన ఇంటావిడను చూస్తే తెలుస్తుంది. కింది వాటాలో ఆవిడ ఒక్కతే ఉండేది. కర్లపాలెం దగ్గర వాళ్ళకున్న మాగాణి అంతా ఆవిడ భర్త పేకాటలో పోగొట్టాడు. చివరికి నడుముకు పెట్టుకునే వడ్డాణం కూడా, ఆవిడ నీళ్ళు పోసుకుంటుంటే గూట్లోంచి తీసుకుపోయాడట. సాయంత్రం టీ పట్టుకొచ్చినప్పుడల్లా మెట్ల మీద కూర్చుని ఆ కథ చెప్పేది. కుర్రాళ్ళిద్దరూ ఆవలించేవాళ్ళు. నేను సగం వినేదాన్ని. మొత్తం వినేవాడు వాడొక్కడే. “అయ్యో పిన్నిగారూ, ఎంత కష్టపడ్డారండీ” అని గొంతు వణికేలా అనేవాడు. ఆవిడ వాడికి టీలో పంచదార ఇంకాస్త ఎక్కువ వేసేది. మా తెరల వైపు చూసి “బొమ్మలాట” అనేది. అవి కార్డులని ఆవిడకు ఎప్పుడూ తోచలేదు.

ఆ ఏడాది రాష్ట్ర పోటీకి నేను ఒక కట్ట కూర్చాను. అలాంటిది అప్పటికి ఎవరి దగ్గరా లేదు. నేను దాన్ని ఎవరికీ చూపలేదు, వాడికి తప్ప. “నాకు చూపించు చెల్లీ, లోపాలుంటే చెబుతా” అంటే చూపించాను. వాడు చాలాసేపు చూసి, “లోపాల్లేవు” అన్నాడు. నిజమే చెప్పాడు. వాడు నాతో చెప్పిన ఆఖరి నిజం అదేననుకుంటాను.

పోటీకి ముందు రోజు వాడు రాలేదు, జ్వరమన్నాడు. మేం ముగ్గురం మెస్సులో భోజనం చేసి తిరిగొచ్చేసరికి గదికి కొత్త తాళం వేసి ఉంది. మా కంప్యూటర్లు లోపలున్నాయి. ఇంటావిడ మెట్ల మధ్యలో కూర్చుని ఉంది. ఆవిడ ముఖం నేను అంతకుముందు అలా చూడలేదు.

“నా ఇంట్లో పేకాటా! నా నెత్తి మీద కూర్చుని పేకాటా!”

“పిన్నిగారూ, అది పేకాట కాదండి.”

“కార్డులుంటాయా, ఉండవా?”

“ఉంటాయండి.”

“ఒకడు గెలిచి ఇంకోడు ఓడతాడా, లేదా?”

“అవునండి, కానీ...”

“మరి పేకాట కాకపోతే ఏంటమ్మా అది, సత్యనారాయణ వ్రతమా?”

ఇంకో రోజైతే నవ్వేదాన్నే. ఆ రోజు కాళ్ళు పట్టుకున్నాను. రేపొక్కరోజు ఆడనివ్వమన్నాను. “ఆయనా ఇదే మాట అనేవాడు, ఇదొక్కరోజు అని” అంది.

మేం ఇంకా మెట్ల మీద ఉండగానే అమ్మ ఆటో దిగింది. మార్కెట్లోంచి తిన్నగా వచ్చినట్టుంది, చేతులకు చేప పొలుసు అలాగే ఉంది. తలుపుకు తాళం, మెట్ల మీద అరుస్తున్న ముసలావిడ, ఇద్దరు మగపిల్లలు, మధ్యలో నేను. అమ్మ ఒకటే అడిగింది. “కార్డులాటేనా?” అవును కానీ అన్నాను. ఆ ‘కానీ’ కోసం ఆగలేదు. నా ఫోను తీసుకుని బొడ్లో దోపుకుంది. బస్సులో రేపల్లె చేరేదాకా కిటికీలోంచి బయటికే చూసింది. ఇంటికొచ్చాక చెప్పింది, ఎవరో ఫోన్ చేశారని. “ఎవడో పుణ్యాత్ముడే. ‘అమ్మా, మీరు నాకు తల్లి లాంటివారు, మీ మంచి కోరి చెబుతున్నా, మీ అమ్మాయి బాపట్లలో ఒక గదిలో మగపిల్లలతో కలిసి కార్డులాడుతోంది’ అన్నాడు. చెప్పేటప్పుడు గొంతు వణికింది. ఇంటి గుర్తులూ తనే చెప్పాడు, ఆ బాబు చల్లగుండాలి.”

ఆ వాక్యాన్ని నేను ఎన్నోసార్లు తిరగేసి చూశాను. గది ఉన్న మాట నిజం, మగపిల్లలు ఉన్న మాట నిజం, కార్డులూ నిజమే. ఒక్క అబద్ధపు మాట లేకుండా నా బతుకంతా అబద్ధం చేసేశాడు. అంత మంచి ఎత్తు వాడు ఆటలో ఎప్పుడూ వేయలేదు.

మర్నాడు వాడి జ్వరం తగ్గింది. పోటీకి కూర్చున్నాడు. నా కట్టతోనే, ఒక్క కార్డు కూడా మార్చకుండా ఆడి గెలిచాడు. కప్పు పట్టుకుని నవ్వుతున్న వాడి ఫొటో తర్వాత ఎప్పుడో చూశాను.

ఆ తర్వాత కొన్ని నెలలు అమ్మతో పాటు హార్బరుకు వెళ్ళడం, మార్కెట్లో తూకం వేయడం, అదే నా బతుకు. సంగతి మాకంటే ముందే రేపల్లె చేరింది. మార్కెట్లో ఆడవాళ్ళు నన్ను ‘పేకాట పిల్ల’ అన్నారు, మొదట వెనక, తర్వాత ముందే. అమ్మ ఎవరితోనూ పోట్లాడలేదు. “పడబోయింది, ఎవరో మంచి బాబు చెయ్యి పట్టుకు లాగాడు” అనేది. పొద్దున్నే దీపం పెట్టేటప్పుడు నా పేరుతో పాటు ఆ బాబుకు కూడా ఒక దణ్ణం పెట్టేది. నాకు కడుపు మండిపోయేది. అప్పటికి ఆ బాబు ఎవరో నాకు తెలియదు, అయినా మండేది.

అమ్మ కాస్త మెత్తబడ్డాక నా కంప్యూటర్ తెచ్చుకోమని బాపట్ల పంపింది. ఇంటావిడ తాళం తీస్తూ, “ఆ తెనాలి అబ్బాయి చెప్పబట్టి సరిపోయింది గానీ, లేకపోతే నాకేం తెలుసు తల్లీ” అంది. నేను గుచ్చి గుచ్చి అడిగాను. తన పేరు చెప్పొద్దని వాడు ఒట్టు వేయించుకున్నాడట. ఇన్ని నెలలయ్యాక ఆవిడ ఆ ఒట్టు మరిచిపోయింది. ఆవిడ పుండు ఎక్కడుందో టీ తాగుతూ తెలుసుకుని, సరిగ్గా అక్కడ కారం చల్లాడు. నాకు చేసింది ఒక ఎత్తు, ఆ ముసలి ప్రాణానికి చేసింది ఒక ఎత్తు.

బస్టాండు నుంచే వాడికి ఫోన్ చేశాను. “ఛ ఛ, నేనా చెల్లీ! ఆవిడకు మతిమరుపు. నీ ఎదుగుదల చూసి ఓర్వలేనివాళ్ళు ఎవరో చేసుంటారు. ఎవరో తెలిస్తే నేనే నిలదీస్తా” అన్నాడు. తడిగుడ్డతో గొంతు కోసేవాళ్ళ గురించి వినడమే గాని, కోస్తున్న చప్పుడు చెవిలో వినడం నాకు అదే మొదలు.

ఇంటికొచ్చి అమ్మకు చెప్పాను. అమ్మ ముల్లు తీస్తున్న చేప మీంచి తలెత్తలేదు.

“ఆవిడకి చెప్పినోడూ, నాకు ఫోన్ చేసినోడూ ఒకడే అని ఏంటి నమ్మకం?”

“ఇంకెవరు చేస్తారమ్మా?”

“నువ్వు పేకాట ఆడలేదంటే నమ్ముతా. నా కడుపున పుట్టినదానివి. ఆ బాబు కుట్ర పన్నాడంటే మాత్రం నమ్మనే. కుట్ర పన్నేవాడికి నా కోసం గొంతు వణకదు.”

నన్ను నమ్ముతానంటుంది, వాడినీ నమ్ముతానంటుంది. ఇద్దరినీ నమ్మితే ఇక నన్ను నమ్మినట్టెలా? ఆ రోజు నాకు ఏం కావాలో తేలిపోయింది. కప్పు వస్తే మంచిదే. కానీ నాకు ముందు కావలసింది అమ్మ పొద్దున్నే పెట్టే ఆ దణ్ణం ఆగిపోవడం. అమ్మ తన చెవులతో తనే విని, తన నోటితో తనే వాణ్ణి తిట్టాలి. అది జరిగేదాకా నాకు నిద్ర పట్టినా పట్టనట్టే.

అమ్మ ఆడుకోనిచ్చింది, ఒక షరతు మీద. వీధి తలుపు తీసి పెట్టి, అందరికీ కనబడేలా ఆడాలి. “దాపరికం లేకపోతే తప్పు లేనట్టే” అంది. అలా ఆ ఏడాదిలో మిగిలిన నెలలన్నీ మా ఇంటి ముందు గదిలో, బజారుకు ఎదురుగా కూర్చుని ఆడాను. దారిన పోయేవాళ్ళు గుమ్మంలో నిలబడి చూసేవాళ్ళు. పక్కింటి తాత ఒకరోజు చాలాసేపు చూసి, “ఎంత పోగొట్టావమ్మా?” అన్నాడు. ఏమీ పోలేదు తాతా అన్నాను. “పోనీలే, గెలిచావన్నమాట” అని సంతోషంగా వెళ్ళిపోయాడు. నా ఆట చూసేవాళ్ళు తెర అవతల వేరే ఊళ్ళలో ఎంతమంది ఉన్నా, మేకలు అడ్డం వచ్చే గుమ్మంలో రాష్ట్ర పోటీకి తయారైనది నేనొక్కదాన్నేనేమో.

పొద్దున పూట హార్బరు తప్పలేదు. అక్కడే నాకు అసలు తర్ఫీదు దొరికింది. అమ్మ పుట్టిల్లు సముద్రం పక్కన అడవులదీవి, వేలంపాట ఆవిడకు ఉగ్గుపాలతో వచ్చింది. పాటలో అమ్మ తనకు కావలసిన గంప వైపు చూడదు. చూస్తే పక్కవాళ్ళు పసిగట్టి పాట పెంచేస్తారు. అది అందరికీ తెలిసిన చిట్కానే. అమ్మ ఇంకో అడుగు ముందుకేసేది. వారాల తరబడి రొయ్యల దగ్గరే నిలబడి, రొయ్యల గురించే గొడవపడి, రొయ్యల ఆవిడ అని పేరు తెచ్చుకునేది. పండుగప్ప చేప బాగా పడిన రోజు అందరూ అమ్మను రొయ్యల వైపు వదిలేస్తే, చల్లగా పండుగప్ప పాడుకునేది. “అబద్ధం చెప్పకూడదే. వాళ్ళంతట వాళ్ళే అనుకుంటే మనదేం తప్పుంది?” అనేది.

మా ఆటలో ఒక సంగతుంది. మన చేతిలో ఉన్న ఏదైనా కార్డు మీద మౌసు బాణం గుర్తు పెడితే, అవతలివాడి తెర మీద ఆ కార్డు వెనక వైపు చిన్నగా వెలుగుతుంది. ఏ కార్డో తెలియదు, దాన్ని తాకామని మాత్రం తెలుస్తుంది. మామూలు ఆటగాళ్ళు పట్టించుకోరు. వాడు పట్టించుకునేవాడు. ఎదుటివాళ్ళ వేళ్ళ అలవాట్లు చదవడంలో వాడిని మించినవాడు లేడు. ఎవరితో పోటీ ఉన్నా వాళ్ళ పాత ఆటలన్నీ కూర్చుని చూసేవాడు. నావీ చూస్తాడని నాకు తెలుసు.

నేను రొయ్యల దగ్గర నిలబడ్డాను. ఉప్పెన అని ఒక కార్డుంది. అది పడితే తెర మీదున్న సైనికులందరూ తుడిచిపెట్టుకుపోతారు. నెలల తరబడి నేను ఆడిన ప్రతి ఆటలో, ఉప్పెన నా చేతికొచ్చిన ప్రతిసారీ, అన్నిటికంటే కుడి పక్కనున్న కార్డును ఒక్క క్షణం తాకి వదిలేశాను. తాకాక ఉప్పెన వేశాను. అనుభవం లేనివాళ్ళు చేసే తప్పులా కనబడాలి. కొన్ని ఆటలు దానివల్లే ఓడాను. వరసలో కిందికి జారాను. నా పని అయిపోయిందని ఎవరెవరో రాశారు. రాయనిమ్మనుకున్నాను. పగ పట్టినవాళ్ళకు తొందర ఉండకూడదు, పాముకు కూడా ఆ మాత్రం ఓపిక ఉంటుంది.

ఆ ఏడాది పోటీ నియమాలు వచ్చినప్పుడు నేను పైకే నవ్వాను. దేశపు పోటీ ఈసారి జోడీలుగా అట. రాష్ట్రం గెలిచినవాళ్ళు తమకు నచ్చిన ఒకరిని జోడీగా ఎంచుకోవచ్చు. ఓడినవాడు గెలిచినవాళ్ళ గుమ్మం తొక్కాలన్నమాట. నాకు కావలసింది అదే.

రాష్ట్ర పోటీ ఆఖరి ఆటలు తెనాలిలో ఒక కల్యాణ మండపంలో పెట్టారు. పెళ్ళి కుర్చీల స్థానంలో రెండు కంప్యూటర్లు, వెనక పెద్ద తెర, కింద జనం. తెనాలి వాళ్ళంతా వాడి వైపే. ఆఖరి పోరుకు వాడూ నేనూ మిగిలాం. కూర్చునే ముందు వాడు నా దగ్గరికొచ్చి, “నిన్ను మళ్ళీ ఇక్కడ చూడటం సంతోషంగా ఉంది చెల్లీ” అన్నాడు. వాడి ముఖంలో నిజంగానే సంతోషం ఉంది. నాకు అదే ఎక్కువ మండింది. చేసిన పనిని మరిచిపోయేంత తేలిగ్గా చేశాడన్నమాట.

మొదటి రెండు ఆటలు చెరొకటి గెలిచాం. మూడోది తేల్చే ఆట. వాడి సైనికులు బలంగా ఉన్నారు, వాళ్ళను నా గోడ ఆపుతున్నా ఇంకో ఇద్దరిని దింపితే నా కోట కూలుతుంది. ఆ ఇద్దరూ వాడి చేతిలో ఉన్నారని లెక్క కట్టాను. ఆ గోడ కాక నా దగ్గర చిన్నాచితకా సైనికులు తప్ప ఏమీ లేదు. అప్పుడు కుడి పక్క చివరి కార్డును ఒక్క క్షణం తాకి వదిలేశాను.

వాడి వంతు వచ్చింది. చాలాసేపు ఆగాడు. ఉన్నవాళ్ళందరినీ ఒకేసారి దింపితే ఉప్పెనలో పోతారని భయపడి, చేతిలో వాళ్ళను చేతిలోనే ఉంచుకున్నాడు. మళ్ళీ నా వంతు, మళ్ళీ తాకాను. మళ్ళీ ఆగాడు. వాడు ఆగిన ప్రతిసారీ నా చిన్నవాళ్ళు వాడి కోటలో ఒక్కో ఇటుక ఊడబీకారు. వెనక పెద్ద తెర మీద నా చేతిలో ఏముందో చూస్తున్న జనానికి అర్థమై గోల మొదలైంది. చెవులకు హెడ్‌ఫోన్లున్న వాడికి ఏమీ వినబడలేదు. వాడి కోట కూలేదాకా వాడు ఉప్పెన కోసమే ఎదురుచూశాడు. నేను ఆ రోజు కట్టలో ఉప్పెన పెట్టుకోనేలేదు.

హెడ్‌ఫోన్లు తీశాక ఎవరో ఆ సంగతి చెప్పారు. వాడి ముఖం పాలిపోయింది. ఆ ముఖాన్ని నేను కడుపు నిండా చూశాను. సిగ్గు లేకుండా చెబుతున్నాను, నా పెళ్ళిలో కూడా అంత ఆనందంగా ఉంటానో లేదో.

అయినా నాది సగం పనే అయింది. మెట్లు దిగుతుంటే వాడు వెనకే వచ్చాడు. అందితే జుట్టు, అందకపోతే కాళ్ళు అన్న రకం కదా, గొంతు అప్పుడే మారిపోయింది. “బాగా ఆడావు చెల్లీ. జోడీ సంగతి ఏమనుకుంటున్నావ్? నీ ఆట నాకు తెలిసినంతగా ఎవరికీ తెలియదు” అన్నాడు. నాలుక మీద వేపాకు పెట్టుకున్నట్టుగా ఆ మాటను మళ్ళీ పలికాను.

“నాకు ఇష్టమే అన్నయ్యా. కానీ బయటి ఊరి ప్రయాణం కదా, మా అమ్మ ఒప్పుకోవాలి. మీరొచ్చి ఒక్కమాట అడిగితే కాదనదు.”

అమ్మ వాణ్ణి ఎప్పుడూ చూడలేదు, వాడూ అమ్మను చూడలేదు. వాళ్ళిద్దరి మధ్య ఉన్నది ఒక్క ఫోను. అది వాడికి గుర్తుండే ఉంటుంది. కానీ ఏడాది కిందట ఒక చేపలావిడ విన్న నాలుగు మాటలు ఆవిడకు గుర్తుంటాయని వాడికి తోచి ఉండదు.

మర్నాడు పొద్దున తెనాలి నుంచి రైల్లో దిగి, యాపిల్ పళ్ళ సంచీతో మార్కెట్‌కు వచ్చాడు. బేరాలు జోరుగా ఉన్న వేళ. అమ్మ కత్తిపీట ముందు కూర్చుని వంజరం చేప కోస్తోంది. నేను తూకం దగ్గర నిలబడ్డాను. ఇతనెవరో అమ్మకు నేను చెప్పలేదు. తెనాలి నుంచి ఒకాయన మాట్లాడటానికి వస్తున్నారన్నాను, అంతే. అమ్మ గుర్తుపట్టకపోతే, నేను గెలిచిన ఆటంతా మార్కెట్ కాలవలో కలిసినట్టే.

వాడు ప్యాంటు తడవకుండా పైకి లాక్కుని, నీళ్ళ మధ్య కుదురుగా కూర్చున్నాడు. చేతులు జోడించాడు.

“అమ్మా, మీరు నాకు తల్లి లాంటివారు. మీ మంచి కోరి చెబుతున్నా. మీ అమ్మాయిది గొప్ప ఆట, దాన్ని...”

కత్తిపీట మీద అమ్మ చెయ్యి ఆగింది.

“ఏంటి బాబూ? ఈ గోలలో వినపళ్ళేదు. మళ్ళీ చెప్పు.”

వాడు ఇంకొంచెం ముందుకు జరిగి, ఇంకొంచెం గట్టిగా, అవే మాటలు మొదటి నుంచి చెప్పాడు. తల్లి లాంటివారు అన్న చోట గొంతు వణికింది. అమ్మ వాడి వైపు చూడలేదు. తలెత్తి నా వైపు చూసింది. ఏడాది పాటు నన్ను చూసినట్టు కాదు. ఆ చూపు కోసమే నేను బతికానని అప్పుడు తెలిసింది. నాకు ఏడుపొచ్చింది, ఆపుకోలేదు.

అమ్మ లేచి నిలబడి, కొంగుతో చేతులు తుడుచుకుని, పక్క దుకాణాల వాళ్ళను కేకేసింది.

“అక్కా, వదినా, అందరూ ఇటు రండే! పొద్దున్నే దీపం దగ్గర దణ్ణం పెట్టుకునేదాన్నే, ఫోను చేసిన బాబు, ఆ బాబొచ్చాడు!”

ఆడవాళ్ళు నవ్వు ముఖాలతో వచ్చారు. ఒకావిడ కూర్చోమని పీట కూడా వేసింది. వాడు లేవబోయాడు. అమ్మ పొలుసు అంటిన చేత్తో వాడి భుజం పట్టుకుని కూర్చోబెట్టింది.

“నా కూతురికి పేకాట పిల్లని పేరు పెట్టి, దాని తలుపుకి తాళం వేయించి, దాని కప్పు ఎత్తుకుపోయిన బాబు ఈయనే. ఇది నెత్తీ నోరూ కొట్టుకుని చెప్పింది, నేను వినలా. బాగా చూసుకోండి, మీ పిల్లల జోలికొచ్చినా వస్తాడు!”

ఆ తర్వాత మార్కెట్ ఆడవాళ్ళు అన్న మాటలు ఇక్కడ రాయలేను. ఆ మాటల్లో ఒక్కటి కూడా నాకు ఎక్కువనిపించలేదు. ఏడాది పాటు నన్ను అన్న నోళ్ళే అవి. ఎవరెవరు ఎంత అన్నారో అంతకు రెట్టింపు వాడికి అప్పజెప్పారు. వాడు ఒక చేత్తో పళ్ళ సంచీ, ఒక చేత్తో తడిసిన ప్యాంటు పట్టుకుని లేచాడు. పారిపోతాడనుకున్నాను. కానీ ఆశ ఎంత చెడ్డదంటే, అన్ని తిట్లు తిన్నాక కూడా నా వైపు తిరిగాడు.

“చెల్లీ, మరి జోడీ సంగతి?”

నేను అమ్మ పీట మీద కూర్చుని, సగం కోసి వదిలిన వంజరం అందుకున్నాను.

“మా అమ్మ ఒప్పుకోలేదు అన్నయ్యా” అన్నాను.